ఆస్ట్రోపెక్టెన్ అని రాసిన మూడు సీసాలు

సరూర్‌నగర్ చెరువుకు కాస్త ఇవతల, ఒక ఇంటి వెనక ఉన్న రేకుల షెడ్డులో నేను మూడేళ్ళుగా పనిచేస్తున్నాను. బళ్ళకూ కాలేజీలకూ జంతుశాస్త్రం ల్యాబుల్లో పెట్టుకునే స్పెసిమెన్ సీసాలు తయారుచేసే చోటు అది. సముద్రపు జీవులు ఫార్మలిన్ నీళ్ళలో మునిగి, నీలం రంగు ప్లాస్టిక్ డ్రమ్ముల్లో వస్తాయి. వాటిని కడిగి, సన్నటి దారంతో గాజు పలకకు కట్టి, సీసాలో నిలబెట్టి, కొత్త ఫార్మలిన్ పోసి, మూత చుట్టూ మైనం కరిగించి పోస్తాం. అన్నిటికన్నా ఆఖరున సీసా మీద పేరు అంటిస్తాం. ఆ పేరు రాసే పని నాది.

నేను జువాలజీలో పీజీ చేశాను. ఎల్బీనగర్ దాటాక ఒక ప్రైవేటు జూనియర్ కాలేజీలో ఆరేళ్ళు పాఠాలు చెప్పాను. అది మూతపడ్డాక దిల్‌సుఖ్‌నగర్ కోచింగ్ సెంటర్ల మెట్లన్నీ ఎక్కి దిగాను. ప్రతిచోటా ఒక డెమో క్లాసు చెప్పించుకున్నారు, బాగుందన్నారు, ఫోన్ చేస్తామన్నారు. లెక్చరర్ పోస్టుల నోటిఫికేషన్ ఇవాళా రేపా అని చూస్తూ ఉండగా ఈ షెడ్డు సంగతి తెలిసింది. చేతిరాత బాగుండి, శాస్త్రీయ నామాలు తప్పు లేకుండా రాయగలిగిన మనిషి కావాలన్నారు. నోటిఫికేషన్ వచ్చేదాకా అనుకుని చేరాను.

మా సార్‌ది మచిలీపట్నం వైపు. అరవై దాటిన మనిషి. జువాలజీ చదవలేదు గానీ ఒక కాలేజీ ల్యాబులో చాలాకాలం పనిచేసి, ఆ అనుభవంతో ఈ వ్యాపారం పెట్టారు. పెళుసుబారిన పీతను కూడా కాలు విరగకుండా పలకకు కట్టగలరు. పేర్ల జోలికి మాత్రం రారు. సిలబస్‌లో ఉన్న పేర్లన్నీ ఒక పాత డైరీలో రాసిపెట్టి, అందులోంచి చూసి రాయమని నాకిచ్చారు. సముద్ర నక్షత్రం దగ్గర ఆస్టీరియాస్ అని ఉంది. నేను పాఠం చెప్పిన ఆరేళ్ళూ చెప్పిన పేరు కూడా అదే. అందుకని ఏ అనుమానమూ లేకుండా రెండేళ్ళకు పైగా అదే రాస్తూ పోయాను.

చలికాలం మొదట్లో ఒక రోజు మధ్యాహ్నం, కొత్తగా వచ్చిన డ్రమ్ములోంచి ఒక నక్షత్రాన్ని తీసి పలక మీద పెట్టాను. దాని నడుమ వడలా ఉబ్బి ఉంది. దారం బిగించడానికి ఆ ఉబ్బు అడ్డమొచ్చి బొటనవేలితో నొక్కాను. కిందివైపున్న నోట్లోంచి ఒక చిన్న గుల్ల జారి పలక మీద పడింది. మళ్ళీ నొక్కితే ఇంకొకటి. రెండూ ఎక్కడా చిట్లలేదు. మింగినవి మింగినట్టే ఉన్నాయి.

నా చేతులు ఆగిపోయాయి. ఆస్టీరియాస్ గుల్లల్ని మింగదు. కాళ్ళతో గుల్లను పట్టి తెరిచి, తన జీర్ణాశయాన్నే నోట్లోంచి బయటికి తెచ్చి, అక్కడే తినేస్తుంది. పిల్లలు నోళ్ళు తెరుచుకుని వినే భాగం అది. క్లాసు జారిపోతోందనిపించినప్పుడల్లా నేను దాన్నే అందుకునేదాన్ని. మరి కడుపులో ఈ గుల్లలేమిటి?

భూతద్దం తెచ్చుకుని నక్షత్రాన్ని వెల్లకిలా తిప్పాను. ప్రతి చేయి కిందా నడవడానికి సన్నటి కాళ్ళ వరసలుంటాయి, నాళికా పాదాలంటాం. ఆస్టీరియాస్‌కు వాటి చివర రాయిని పట్టుకునే గుండ్రటి చూషకాలుండాలి. వీటికి లేవు. ఒక్కొక్కటీ మొన తేలి ఉంది. చేతుల రెండు అంచులా చిన్న చిన్న పలకలు పేర్చినట్టున్నాయి, వాటికి ముళ్ళు వరసగా. పీజీలో ఎక్కడో ఒక పేరా చదివాను. రాళ్ళను పట్టుకుని బతికేవాటికి చూషకాలు కావాలి, ఇసుకలో తవ్వుకుంటూ పూడుకుని బతికేవాటికి మొనదేలిన కాళ్ళు కావాలి. ఆ పేరాలో ఉన్న పేరు ఆస్ట్రోపెక్టెన్.

డ్రమ్ములో ఉన్నవన్నీ ఒక్కొక్కటే తీసి తిప్పి చూశాను. అన్నీ అవే.

సార్ బయట ఎండలో కుర్చీ వేసుకుని మూతలకు మైనం గీకుతున్నారు. నక్షత్రాన్ని పళ్ళెంలో పెట్టుకుని వెళ్ళాను.

"సార్, ఇది ఆస్టీరియాస్ కాదు. మనం ఇన్ని దినాలు తప్పు పేరు రాసినం."

"అలా ఎలా అంటావమ్మా? స్టార్‌ఫిష్ కాదా ఇది?"

"స్టార్‌ఫిష్షే సార్. కానీ వేరే ప్రజాతి. ఆస్ట్రోపెక్టెన్. ఆస్ట్రో అంటే నక్షత్రం, గ్రీకు మాట. పెక్టెన్ అంటే దువ్వెన, అది లాటిన్. రెండు భాషలు కలిపి నక్షత్ర దువ్వెన అని పెట్టిన్రు. అంచులు చూడుండ్రి."

ఆయన కళ్ళద్దాలు పైకి తోసుకుని, పళ్ళెం మొహం దగ్గరికి తెచ్చుకుని చూశారు. వేలితో అంచు తడిమారు.

"ఆఁ, పళ్ళున్నాయి. సన్నపళ్ళ దువ్వెనే." పళ్ళెం నాకిచ్చేశారు. "మా వైపు వల దులిపితే ఇవి కుప్పలుగా పడేవమ్మా. పేరూ లేదు, ఊరూ లేదు. ఏరి ఒడ్డున పారేసేవాళ్ళు. సరే, సిలబస్‌లో ఏముంది?"

"ఆస్టీరియాస్."

"కాలేజీలవాళ్ళు ఆర్డరు ఏమని రాసి పంపుతారు?"

"ఆస్టీరియాస్ అనే."

"మరింకేం? మనం ఇంకో పేరు అంటిస్తే సీసా వెనక్కొస్తుంది."

నేను అక్కడే నిలబడ్డాను. ఆయన మళ్ళీ మైనం గీకడం మొదలుపెట్టి, కాసేపాగి తలెత్తారు.

"పోనీ ఒక పని చెయ్యి. రెండూ ఇంగ్లీషులో 'ఎ' అక్షరంతోనే మొదలవుతున్నాయి కదా. 'ఎ' అని రాసి చుక్కపెట్టి వదిలెయ్. ఎవరికి కావాల్సింది వాళ్ళు చదువుకుంటారు."

నాకు నవ్వొచ్చింది, చిరాకూ వచ్చింది. శాస్త్రీయ నామంలో మొదటి మాటను అలా ఒక్క అక్షరానికి కుదించవచ్చు. కానీ ముందు ఒకసారి పూర్తిగా రాసి ఉండాలి. అప్పుడే చదివేవాళ్ళకు ఆ అక్షరం వెనక ఏముందో తెలుస్తుంది. సీసా మీద ఉండేది ఒక్కటే పేరు, దానికి ముందు ఇంకేదీ ఉండదు. ఆ మాటే చెప్పాను.

"దానికి కూడా రూలుందా?" అన్నారాయన. సంగతి అక్కడితో వదిలేశారు.

నా వల్ల కాలేదు. ఆ వారం ఒక్కచోట కూర్చుంటే ఒట్టు. మీర్‌పేట్ నుంచి షేర్ ఆటోలో వస్తూ ఇప్పటిదాకా ఎన్ని సీసాలు పంపి ఉంటానో లెక్కపెట్టబోయి మధ్యలో తప్పిపోయేదాన్ని. రెండు పిడికిళ్ళూ బిగించి కూర్చున్నానని పక్కనామె చెబితే తెలిసేది. షెడ్డులో పీతల పేర్లు రాస్తూ లేచి వెళ్ళి నక్షత్రాల డ్రమ్ము మూత తీసేదాన్ని, మూసేదాన్ని. ఫార్మలిన్ ఘాటుకు కళ్ళు మండేవి. ఇంట్లో కూర కలుపుతూ గరిటె ఆపేసేదాన్ని.

మా ఆయన ఎలక్ట్రీషియన్. రెండు రోజులు చూసి మూడో రోజు పొద్దున టిఫిన్ దగ్గర అడిగాడు.

"ఏందే, ఉప్మా మీద చెంచాతోని ఏం గీస్తున్నవ్?"

చూసుకుంటే నక్షత్రం చేయి, అంచుకు పళ్ళు. జరిగింది చెప్పాను.

"సచ్చిన చేప పేరుకు ఇంత పరేషాన్ ఎందుకు నీకు?"

"చేప కాదది."

"స్టార్‌ఫిష్ అంటివి కదా."

"పేరుల ఫిష్ ఉంది గానీ అది చేప కాదు."

"చూసినవా, గా పేరు గూడ తప్పే. అయినా అందరు నడిపిస్తలేరా?" అని వైర్ల సంచి భుజానికేసుకుని వెళ్ళిపోయాడు. ఆ మాటతో నాకు ఇంకా కుదురు పోయింది.

తర్వాతి సోమవారం సార్ చుట్టాల పెళ్ళికని ఊరెళ్ళారు. రెండు రోజులు షెడ్డు నా చేతిలో ఉంది. ఎల్బీనగర్‌లోని ఒక డిగ్రీ కాలేజీకి సామాను వెళ్ళాల్సి ఉంది. అందులో సముద్ర నక్షత్రాలు మూడు సీసాలు. మూడు లేబుళ్ళు ముందు పెట్టుకుని కూర్చున్నాను. డైరీ తెరవలేదు.

ఆస్ట్రోపెక్టెన్ ఇండికస్ అని ఇంగ్లీషు లిపిలో రాశాను. మొదటి మాటకు మొదటి అక్షరం పెద్దది, రెండో మాట మొత్తం చిన్న అక్షరాలు. అచ్చులో అయితే అక్షరాలు వాల్చి వేస్తారు, చేత్తో రాస్తే కింద గీత గీయాలి. రెండు మాటలకూ కలిపి ఒకే గీత గీస్తే తప్పు, దేనికది విడిగా గీయాలి. పాఠం చెప్పే రోజుల్లో ఈ గీతలకోసం ఎంతమంది రికార్డులు వెనక్కిచ్చానో. స్కేలు పెట్టి ఆరు గీతలు గీశాను. మూడు సీసాలూ పెట్టెలో సర్ది, గడ్డి కుక్కి, ట్రాలీ ఆటోలో పంపేశాను. ఆ సాయంత్రం ఇంటికి నడుస్తున్నట్టు లేదు, ఎవరో తోస్తున్నట్టుంది.

మర్నాటికి ఆ హుషారంతా దిగిపోయింది. బుధవారం సార్ తిరిగొచ్చారు, పెళ్ళి లడ్డూ తెచ్చి నా చేతిలో పెట్టారు, ఎల్బీనగర్ సామాను వెళ్ళిందా అని అడిగారు. వెళ్ళిందన్నాను. అంతకుమించి చెప్పలేదు. ఆయన ఫోన్ మోగినప్పుడల్లా నా చేతిలో దారం తెగేది.

గురువారం పదకొండు గంటలకు వచ్చింది ఫోను. ఆయన విని, "ఏ పేరు మేడం? మాది అదే పేరు కదండీ," అన్నారు. మళ్ళీ విన్నారు. నా వైపు చూశారు. ఫోను నా చేతికిచ్చారు.

అవతల ఆ కాలేజీ జువాలజీ లెక్చరర్. గొంతులో నల్లగొండ యాస. నాది కూడా అటువైపే.

"మేడం, మీరు పంపిన స్టార్‌ఫిష్ మీద గీ కొత్త పేరేంది? ఎల్లుండి మా పిల్లలకు ప్రాక్టికల్స్ ఉన్నయ్. రికార్డుల అందరు ఆస్టీరియాస్ అని రాసిన్రు. నిన్న సీసా చూసి సగం మంది కొట్టేసి మీ పేరు రాసుకున్నరు. సగం మంది కొట్టెయ్యలే. ఇప్పుడు ఎవలకు మార్కులెయ్యాలె నేను?"

ప్రాక్టికల్ పరీక్షలో సీసాల మీది పేర్లు కప్పేసి వరసగా పెడతారు. పిల్లలు ఒక్కో సీసా ముందు రెండు మూడు నిమిషాలు నిలబడి, అదేమిటో గుర్తుపట్టి రాయాలి. స్పాటర్లంటారు వాటిని. బయటి కాలేజీ నుంచి వచ్చిన ఎగ్జామినర్ దిద్దుతారు. ఇవన్నీ నాకు తెలియనివి కావు. లేబుళ్ళు రాస్తున్నప్పుడు మాత్రం ఒక్కటీ గుర్తుకు రాలేదు.

"నేనొచ్చి మాట్లాడత మేడం," అన్నాను.

ఫోను తిరిగిస్తుంటే సార్ అడిగారు. "నాకు చెప్పకుండా రాశావా?"

తలూపాను.

ఆయన కేకలేయలేదు. వేసి ఉంటే బాగుండేది. బల్ల సొరుగులోంచి ఆస్టీరియాస్ అని నేనే ఎప్పుడో రాసిపెట్టిన లేబుళ్ళు మూడు తీసి ఇచ్చారు. "వెళ్ళి మార్చిరా అమ్మా," అని లోపలికి వెళ్ళిపోయారు.

ఆ మూడింటినీ సంచిలో వేసుకున్నాను. భూతద్దం, పటకారు కూడా పెట్టుకున్నాను. ఒక టిఫిన్ డబ్బాలో తడిదూది పరిచి నక్షత్రాన్ని ఒకదాన్ని పెట్టి మూతపెట్టాను. దిల్‌సుఖ్‌నగర్‌లో మెట్రో ఎక్కాను. సీట్లు ఖాళీగా ఉన్నా తలుపు దగ్గరే నిలబడ్డాను. చైతన్యపురి దాటేసరికి ఏం చెప్పాలో మూడుసార్లు కూర్చుకున్నాను, మూడూ వేరువేరుగా వచ్చాయి. ఎల్బీనగర్‌లో దిగి, ఫ్లైఓవర్ల కింద ఎటు దాటాలో తెలిసి కూడా రెండుసార్లు తప్పు వైపు దాటాను.

ల్యాబు రెండో అంతస్తులో ఉంది. లెక్చరర్‌కు యాభై దగ్గరుంటాయి. కాటన్ చీర కొంగు నడుముకు దోపి, బల్లల మీద పరీక్షకు నంబర్లు అంటిస్తున్నారు. నన్ను చూసి కూర్చోమనలేదు. నా మూడు సీసాలూ కిటికీ పక్కన ఉన్నాయి.

"తెచ్చిన్రా లేబుళ్ళు?"

"తెచ్చిన మేడం. ఒక్క అయిదు నిమిషాలు గిది చూడుండ్రి. చూసినంక మీరు ఏది పెట్టమంటె అది పెడ్త."

డబ్బా మూత తీశాను. ఆవిడ ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకుని వంగారు. నక్షత్రాన్ని వెల్లకిలా తిప్పి, పటకారుతో ఒక చేయి కింది గాడిని తెరిచి పట్టుకుని, భూతద్దం ఆవిడ చేతికిచ్చాను.

"చూషకాలు ఏడున్నయో చూపియ్యుండ్రి," అన్నాను.

ఆవిడ ఒక చేయి చూశారు. నక్షత్రాన్ని తిప్పి రెండోది చూశారు. అలా అయిదూ చూశారు. కిటికీ దగ్గరికి తీసుకెళ్ళి వెలుతురులో మళ్ళీ చూశారు. కింద గ్రౌండులో ఎవరో విజిల్ వేస్తున్నారు. నేను పాదం మార్చి పాదం మీద నిలబడుతున్నాను. గుల్లల సంగతి చెప్పాను. పేరుకు అర్థం చెప్పాను. అవి విన్నట్టే లేరు.

కుర్చీ లాక్కుని కూర్చున్నారు.

"ఇరవై రెండేండ్ల సంది చెప్తున్న," అన్నారు. "మొనదేలిన కాళ్ళున్నదాన్ని చేతిల పట్టుకుని, దీని కాళ్ళకు చూషకాలుంటయి రాసుకోండ్రి అని చెప్పిన. ఒక్క దినం గూడ తిప్పి చూడలే. ఒక్క పిల్ల గూడ, ఏడున్నయి మేడం అని అడగలే."

"నేను గూడ ఆరేండ్లు చెప్పిన మేడం."

"నువ్వు గూడ చెప్పినవా?" అన్నారు. అప్పటినుంచి నాతో 'నువ్వు' అనే మాట్లాడారు. పక్క కుర్చీ చూపించారు. కూర్చున్నాను. అంతటితో సరిపోయింది, గెలిచాననుకున్నాను. ఆవిడ లేచి వెళ్ళి సీసా ఒకటి తెచ్చి మా మధ్య పెట్టారు. నా లేబుల్ మీద వేలు పెట్టారు.

"ఆస్ట్రోపెక్టెన్ అంటె ఒప్పుకున్న. మరి ఇండికస్ అని ఎట్ల రాసినవ్?"

లేబుల్ మీదికి వంగి నేను రాసిన రెండో మాట మళ్ళీ చదువుకున్నాను.

శాస్త్రీయ నామంలో మొదటి మాట ఇంటిపేరు లాంటిది. ఒక ప్రజాతిలోని జాతులన్నిటికీ అది ఒకటే. రెండో మాటతోనే అది ఏ జాతో తేలుతుంది. ఆస్ట్రోపెక్టెన్‌లో జాతులు చాలా ఉన్నాయి, మన తీరంలోనే ఒకటికి మించి ఉన్నాయి. వాటిని విడదీయాలంటే అంచు పలకలు లెక్కపెట్టాలి, ముళ్ళ పొడవులు చూడాలి, ఆ జాతుల మీద పరిశోధన చేసినవాళ్ళు రాసిన వర్ణనతో సరిపోల్చాలి. నేను అందులో ఏదీ చేయలేదు. ఇండికస్ అంటే ఇండియాకు చెందినదని తెలుసు, అంతే.

"మన సముద్రంల దొరికింది కదా అని..." అన్నాను.

"అంటె అంచనా."

లేబుల్ అంచును గోటితో గీకాను.

"మరి నన్నెందుకు దబాయిస్తున్నవ్? నేను పుస్తకం చూసి రాపిచ్చిన. నువ్వు మ్యాపు చూసి రాసినవ్."

అన్ని రోజులూ నేను లోకం మీద కోపంగా తిరిగాను. చూడకుండా రాస్తున్నారని సార్ మీద, సిలబస్ మీద, పట్టించుకోలేదని మా ఆయన మీద. ఆ రోజుల్లోనే నేనూ చూడకుండా రాశాను. పైగా స్కేలు పెట్టి గీతలు గీశాను. లేచి వెళ్ళిపోదామనిపించింది.

ఆవిడ నా మొహం చూసి గొంతు తగ్గించారు. "సరే, జర నీళ్ళు తాగు. జాతి తెలవకుంటె ఎట్ల రాస్తం?"

"ఎస్‌పి అని రాస్తం మేడం."

స్పీషీస్ అనే మాటకు అది కుదింపు. ప్రజాతి ఇదని తెలుసు, జాతి ఏదో తేల్చలేదు అని దానికి అర్థం. ఆ రెండక్షరాలను వాల్చి వేయకూడదు, కింద గీత కూడా గీయకూడదు. ఎందుకంటే అది పేరు కాదు, తెలియదని ఒప్పుకోవడం.

"గట్లనే రాయి," అన్నారు ఆవిడ.

రికార్డు పుస్తకంలోంచి ఒక తెల్లకాగితం చింపి ఇచ్చారు. మూడు ముక్కలు కత్తిరించి, ఆస్ట్రోపెక్టెన్ ఎస్‌పి అని మూడుసార్లు రాశాను. ఈసారి మూడు గీతలు. పాత లేబుళ్ళను తడిగుడ్డతో నానబెట్టి ఊడదీసి కొత్తవి అంటించాం. ఇద్దరికీ జిగురు అంటుకుంది. సార్ ఇచ్చిన మూడు లేబుళ్ళూ సంచిలోనే ఉండిపోయాయి.

"పిల్లలకు రేపు పిలిచి చెప్త," అన్నారు ఆవిడ మెట్ల దాకా వస్తూ. "ఎగ్జామినర్‌కు గూడ చెప్త. వింటడో వినడో."

శనివారం నాకు పని సాగలేదు. పరీక్ష పదింటికి. పదిన్నరకు ఆ పిల్లలు సీసా ముందు నిలబడి ఉంటారనుకున్నాను. రెండు పేర్లూ విని ఉన్నారు, ఏది రాస్తారు? ఒక రొయ్యకు పీత పేరు అంటించి మళ్ళీ పీకాను. ఫోను జేబులో మోగకుండానే మోగినట్టనిపించి నాలుగుసార్లు తీసి చూశాను. రెండు దాటాక నిజంగా మోగింది.

"ఏమైంది మేడం?"

"ఏమైతది? ఎగ్జామినర్‌ను కూసోబెట్టి అంత చెప్పిన. భూతద్దం ఇచ్చి చూపిచ్చిన. మంచిగనే విన్నడు, అవును అన్నడు. అని సీసా తీసి బీరువల పెట్టిచ్చిండు. మార్కుల దగ్గర గొడవెందుకని దాని జాగల జలగను పెట్టిండు."

"జలగనా?"

"జలగనే. సగం మంది దాన్ని వానపాము అని రాసిన్రు." ఆవిడ నవ్వడం మొదలుపెట్టారు. నేనూ నవ్వాను. నవ్వుతూనే ఉన్నా లోపల ఏదో చప్పగా అయిపోయింది. అంత తిరుగుడు తిరిగితే పరీక్షలో ఆ పేరు ఎవరూ రాయనే లేదు, సరైనదీ రాయలేదు, తప్పుదీ రాయలేదు.

ఫోను పెట్టేశాక సార్ దగ్గరికి వెళ్ళి మూడు లేబుళ్ళు బల్ల మీద పెట్టాను. గురువారం తిరిగొచ్చినప్పుడు మార్చానని మాత్రమే చెప్పాను. దేనికి మార్చానో ఆయన అడగలేదు, నేనూ చెప్పలేదు. ఇప్పుడు అంతా చెప్పాను, ఇండికస్ సంగతితో సహా. నోటిఫికేషన్ వచ్చేలోపే ఈ పని పోయిందని అనుకుంటూనే చెప్పాను.

ఆయన మూతలు పక్కకు సర్ది నా వైపు తిరిగారు.

"పేరు సంగతి తర్వాతమ్మా. నాకు చెప్పకుండా పంపావు చూడు, అది నాకు నచ్చలేదు. ఆ మేడం ఫోన్ చేస్తే వెర్రిమొహం వేసుకుని మాది అదే పేరు కదండీ అన్నాను."

"తప్పయింది సార్."

"నేనూ నీ మాట సరిగ్గా వినలేదులే. పళ్ళున్నాయన్నాను గానీ, అంటే ఏమిటో ఆలోచించలేదు." పాత డైరీ తీసి నా ముందుకు తోశారు. "అందులో కొట్టేసి నీ చేత్తో రాయి. ఆ ఎస్పీనో ఏదో అదే రాయి. ఎవరైనా ఫోన్ చేసి ఆస్టీరియాస్ కావాలంటే నేనే చెబుతాను, మా దగ్గర లేదండీ, దాని చుట్టం ఉంది అని."

ఆయన చెప్పినట్టే చేశారు. ఆ నెలలో అబ్దుల్లాపూర్‌మెట్ వైపు నుంచి ఒక కాలేజీవాళ్ళు, ఆస్టీరియాస్ లేకపోతే వద్దని ఆర్డరు మానుకున్నారు. ఇంకొకళ్ళు ఏదైతే ఏమిటి, నక్షత్రంలా ఉంటే చాలన్నారు. ఒక బడి నుంచి మాత్రం ఒక టీచరు ఫోన్ చేసి తేడా ఏమిటని అడిగారు. సార్ ఆ ఫోను నాకివ్వలేదు. దువ్వెన పళ్ళ గురించీ, ఇసుకలో పూడుకోవడం గురించీ ఆయనే చెప్పారు. చిన్నప్పుడు నీళ్ళు వెనక్కి తగ్గిన ఇసుకలో నక్షత్రం ఆకారంలో అచ్చులు చూసేవాణ్ణని కూడా చెప్పారు. నాకెప్పుడూ చెప్పలేదు ఆ మాట.

అయినా నాకు కుదురు రాలేదు. రెండేళ్ళపాటు పంపిన సీసాలు ఎక్కడెక్కడున్నాయో ఆలోచిస్తే తల తిరిగేది. అన్నిటినీ వెనక్కి తేలేను. దగ్గరివైనా చూద్దామని, సార్‌కు చెప్పి, ఒక బుధవారం పొద్దున మీర్‌పేట్‌లో మా ఇంటికి రెండు వీధుల అవతలున్న హైస్కూలుకు వెళ్ళాను. హెడ్‌మాస్టరమ్మ నన్ను పుస్తకాలు అమ్మడానికొచ్చిన మనిషి అనుకున్నారు. "ఇప్పుడేం అవసరం లేదమ్మా," అని చెయ్యి ఊపారు. సీసా మీది పేరు తప్పు రాశాను, మార్చి వెళ్తాను, మీరేమీ ఇవ్వక్కర్లేదు అని చెప్పాను. ఆవిడకు నమ్మకం కలగలేదు. అటెండర్‌ను తోడిచ్చి పంపారు.

ల్యాబు బీరువాలో, విరిగిన అస్థిపంజరం పక్కన, దుమ్ము పట్టి ఉంది సీసా. ఫార్మలిన్ పసుపు రంగుకు తిరిగింది. లేబుల్ మీద నా అక్షరాలు ఇప్పటికన్నా గుండ్రంగా ఉన్నాయి. నానబెట్టినా ఊడిరాలేదు. దాని మీదే కొత్తది అంటించాను. పాతది కొంచెం పెద్దది కావడంతో అంచు బయటికి కనబడుతూనే ఉంది. అటెండర్ వంగి చదవబోయి, "ఏం రాసినవమ్మా?" అని అడిగాడు. చెప్పాను. అర్థం కూడా చెప్పాను. "సరే తియ్యి," అని తాళం వేశాడు.

అక్కడినుంచి ఆటో ఎక్కి నేరుగా షెడ్డుకు వచ్చాను. సార్ ఇంకా రాలేదు. బల్ల మీద డైరీ తెరిచి ఉంది. నక్షత్రం పేరుకు కింది వరసల్లో, జీవిని తిప్పి చూడకుండా నేను సీసాల మీద రాసిన పేర్లు ఇంకా చాలా ఉన్నాయి. చేతులకు తొడుగులు వేసుకుని, భూతద్దం తుడుచుకుని, సముద్ర దోసకాయలనే జీవుల డ్రమ్ము మూత తీశాను.